పచ్చగా కనిపిస్తే చాలదు

2021లో వానలు వెనకపట్టే వేళకి తెలంగాణలో ఏ ఊరి దారిన వెళ్లినా వేపచెట్లు మాడిపోయి కనిపించాయి. ముందు కొమ్మల చివర్లు వాలిపోయాయి. ఆకులు గోధుమరంగుకి తిరిగాయి. చూస్తుండగానే చెట్టు పైభాగమంతా నిప్పు సెగ సోకినట్టయింది. పొలం గట్టు మీది చెట్టు, గుడి ముందరి చెట్టు, బడి ఆవరణలోని చెట్టు, దేన్నీ వదల్లేదు. 2018లో వేపను రాష్ట్ర వృక్షంగా ప్రకటించుకున్న ఆంధ్రప్రదేశ్‌లోనూ అదే పరిస్థితి. ఇంటికి నీడ, పంటికి పుల్ల, ఉగాది పచ్చడికి పువ్వు, అమ్మవారికి మండలు ఇచ్చే చెట్టు ఊరూరా ఒకేసారి ఎండుతుంటే జనం కలవరపడ్డారు. చచ్చిపోయిందనుకుని కొట్టేసిన చెట్లూ ఉన్నాయి.

ఆ చెట్లలో ఎక్కువ భాగం చావలేదు. వానాకాలంలో మోడులా నిలబడ్డ వేప ఎండలు ముదిరే వేళకి మళ్లీ చిగురు తొడిగింది.

ప్రొఫెసర్ జయశంకర్ వ్యవసాయ విశ్వవిద్యాలయం శాస్త్రవేత్తలు దీన్ని కొమ్మ ఎండు తెగులుగా గుర్తించారు. ప్రధాన కారకం ఫోమాప్సిస్ అజాడిరాక్టే అనే శిలీంధ్రం. అది ఆ ఏడాది ఎక్కడినుంచో ఊడిపడ్డది కాదు. 1997లోనే మైసూరు విశ్వవిద్యాలయం పరిశోధకులు దానికి పేరు పెట్టి వివరాలు రాశారు. దానికి టీ దోమ తోడైంది. శ్రీకాకుళం జీడిమామిడి రైతులకి ఈ పురుగు పాత శత్రువే. సూదిలాంటి నోటిని లేత చిగురులో గుచ్చి రసం పీలుస్తుంది. దాని లాలాజలంలోని విషానికి గాటు చుట్టూ ఉన్న కణజాలం నల్లబడి చస్తుంది, చిగురు తలవాల్చి ఎండుతుంది. అదే గాటు శిలీంధ్రానికి దారి ఇస్తుంది. వానల మొదట్లో మొదలయ్యే తెగులు వానాకాలం చివర్లో, చలి మొదట్లో ముదురుతుంది. మొక్కా మానూ అన్న తేడా దీనికి లేదు. పూగుత్తులు కూడా మాడిపోవడంతో, తీవ్రంగా సోకిన చెట్టు మీద కాయ దాదాపు నిలవదు. వేపగింజల కషాయం మీద ఆధారపడే రైతుకి అసలు నష్టం ఇక్కడే.

తెగులు చూపించిన ప్రతాపమంతా కొమ్మల చివర్ల మీదే. మధ్య కొమ్మలు, మాను, వేర్లు చాలా చెట్లలో బతికే ఉన్నాయి. ఎండిన చోటికి జానెడు దిగువన బెరడును గోటితో గీరి చూస్తే తడిగా, లేత ఆకుపచ్చగా పొర కనిపించేది. గొడ్డలి ఎత్తడానికి ముందు ఆ ఒక్క పరీక్ష చేసి ఉంటే ఎన్నో చెట్లు నిలిచేవి. అలాగని తెగులును తేలిగ్గా తీసుకోవడానికీ లేదు. తర్వాతి సంవత్సరాల్లోనూ అది తిరిగి వచ్చింది. ఏటా చిగురును పోగొట్టుకుని, దాచుకున్న పిండిపదార్థాన్ని ఖర్చుపెట్టి కొత్త చిగురు వేసే చెట్టు కొన్నేళ్లకి నీరసిస్తుంది. అలా నీరసించిన చెట్టు మీదికే బెరడు పురుగులు, వేరుకుళ్లు వస్తాయి.

మహబూబ్‌నగర్ దగ్గరి పిల్లలమర్రిది దీనికి ఎదురు కథ. ఏడు వందల ఏళ్ల నాటిదని చెప్పుకునే ఆ మర్రి సుమారు మూడెకరాల మేర పరుచుకుని, దూరం నుంచి చూసేవాళ్లకి నిండుగా, పచ్చగా కనిపించేది. 2017 డిసెంబరులో దాని పెద్ద కొమ్మ విరిగి పడింది. సందర్శకుల్ని ఆపేశారు. చెట్టు లోపలిని చెదలు తొలిచేశాయని తేలింది. అటవీ శాఖ ముందు మానులోని రంధ్రాల్లోకి క్లోర్‌పైరిఫాస్ ద్రావణం ఎక్కిస్తే అది నిలవకుండా బయటికి కారిపోయింది. దాంతో 2018లో సెలైన్ సీసాల్లో మందు నింపి, కొమ్మలకి వేలాడదీసి, చుక్కచుక్కగా ఎక్కించారు. ఆస్పత్రి మంచం మీది రోగిని తలపించే ఆ ఫొటోలు దేశం దాటి వెళ్లాయి. వాటంతగా జనం దృష్టిలో పడని పనులు ఇంకా ఉన్నాయి. బరువైన కొమ్మల కింద కాంక్రీటు దిమ్మెలు కట్టారు. లేత ఊడల్ని గొట్టాల్లోంచి నేలదాకా దింపారు. సీసాల కంటే ఈ పనులే ముఖ్యమైనవి. ఎందుకంటే చెదలు సాధారణంగా చచ్చిన కలపనే తింటాయి. అంత కలప లోపల చచ్చిందంటే అంతకు ముందే ఎక్కడో గాయం, కుళ్లు మొదలయ్యాయన్న మాట. మర్రిని నిలబెట్టేది ఊడలు. ఆ ఊడలు నేలకు దిగే వీలు లేకపోతే కొమ్మ బరువంతా మాను మీదే పడుతుంది.

హౌరా దగ్గర శిబ్‌పూర్ ఉద్యానవనంలోని మహావటవృక్షం ఇందుకు సాక్ష్యం. 1864, 1867 తుపానుల్లో దాని కొమ్మలు విరిగాయి. ఆ గాయాల్లోంచి శిలీంధ్రం చేరి అసలు మాను కుళ్లింది. 1925లో ఆ మానును తీసేశారు. నడిమి మాను లేకుండానే, వేల ఊడల మీద ఆ చెట్టు నేటికీ పెరుగుతోంది.

ఎండినట్టు కనిపించిన వేప బతికింది. పచ్చగా ఉన్న మర్రి లోపల డొల్లైంది. సతతహరిత వృక్షాల జబ్బు పసిగట్టడంలో ఉన్న చిక్కంతా ఇదే. ఆకురాల్చే చెట్టు ఏటా ఒకసారి పాత ఆకునంతా దించి కొత్తది తొడుక్కుంటుంది కాబట్టి, చిగురు ఆలస్యమైనా పలచబడినా ఇట్టే తెలుస్తుంది. సతతహరితం మీద రెండు మూడు తరాల ఆకులు కలిసి ఉంటాయి. ఈ ఏడు చిగురు తగ్గినా నిరుటి ఆకు ఆ లోటును కప్పేస్తుంది. మందపాటి ఆకు, దాని మీది మైనపు పూత నీటిని పట్టి ఉంచుతాయి. వేర్లు లేకుండా నరికి తెచ్చిన క్రిస్మస్ చెట్టు ఇంట్లో వారాల తరబడి పచ్చగా నిలుస్తుంది కదా. నేలలో ఉన్న చెట్టుకి వేరు చచ్చిన సంగతి కూడా అంతే ఆలస్యంగా ఆకు దాకా వస్తుంది.

దీనికి తోడు, జబ్బు కానిదాన్ని జబ్బనుకునే ప్రమాదమూ ఉంది. సతతహరితమంటే ఆకు రాల్చదని అర్థం కాదు, ఒకేసారి రాల్చదని మాత్రమే. మామిడి ముదురాకును దఫాలుగా వదిలేస్తుంది. మన ఎండలకి వేప ఫిబ్రవరి, మార్చి నెలల్లో కొద్దిరోజులు దాదాపు బోసిపోయి, వెంటనే రాగిరంగు చిగురుతో నిండుతుంది. అమెరికాలో తెలుగు కుటుంబాలు ఇల్లు కొనుక్కున్న మొదటి శరదృతువులో పెరటి పైన్ చెట్టు లోపలి సూదులన్నీ పసుపుపచ్చగా మారడం చూసి కంగారుపడతాయి. రెండు మూడేళ్ల వయసున్న లోపలి సూదులు రాలడం పైన్‌కి సహజం. కొమ్మ చివరనున్న ఈ ఏటి సూదులు పచ్చగా ఉన్నంతవరకు కంగారు అక్కర్లేదు.

అదే పెరట్లో కొలరాడో బ్లూ స్ప్రూస్ ఉంటే మాత్రం లోపలి సూదులు చెప్పే కథ వేరు. రాకీ పర్వతాల ఎత్తుల్లో పొడి గాలికి అలవాటుపడ్డ ఈ చెట్టును, దాని నీలిరంగు మెరుపు కోసం తూర్పు రాష్ట్రాల తేమ నేలల్లో ఇంటింటా నాటారు. అక్కడ దానికి రైజోస్ఫేరా అనే శిలీంధ్రం పట్టుకుంటుంది. వసంతంలో లేత సూదికి సోకుతుంది, లక్షణం పైకి కనిపించేది మరుసటి ఏడాది. కింది కొమ్మల లోపలి సూదులు ఊదా గోధుమ రంగుకి మారి రాలిపోతాయి, ఆ బోసితనం ఏటేటా పైకి పాకుతుంది. భూతద్దం పెట్టి సూదిని చూస్తే తెల్లటి చుక్కలు ఉండాల్సిన ఆకురంధ్రాల వరసల్లో నల్లటి చుక్కలు కనిపిస్తాయి. అనుమానం తీర్చే గుర్తు అదే. మాడిన సూదిని మళ్లీ పచ్చగా చేసే మందు లేదు. మందు కొత్త సూదిని కాపాడుతుంది, అంతే. అందుకే వరసగా రెండు వసంతాలైనా కొట్టాలంటారు. కింది కొమ్మలు బోసిపోయాక మేలుకున్నవాళ్లు అప్పటికే ఒక ఏడాది పోగొట్టుకున్నట్టు.

ఎంత ఆలస్యం కాగలదో చెప్పడానికి జపాన్ అనుభవం కంటే పెద్ద ఉదాహరణ లేదు. నాగసాకి ప్రాంతంలో పైన్ చెట్లు వేసవిలో ఉన్నట్టుండి ఎర్రబడి చావడం 1905 నాటికే నమోదైంది. దశాబ్దాల పాటు బెరడు పురుగుల్నే తప్పుపట్టారు. చెట్టు జిగురు నాళాల్లో చేరే, కంటికి కనిపించనంత చిన్న నులిపురుగే అసలు కారణమని 1971లో గానీ తేలలేదు. ఆ నులిపురుగు పుట్టిల్లు ఉత్తర అమెరికా. అక్కడి స్థానిక పైన్‌లు దాన్ని చాలావరకు తట్టుకున్నాయి, జపాన్ పైన్‌లకి ఆ శక్తి లేకపోయింది. చచ్చిన చెట్టు మీద దొరికిన పురుగే చంపిందని తీర్మానించడం ఎంత సులువో, ఎంత తప్పో ఆ అరవై ఆరేళ్లు చెబుతాయి.

అందువల్ల అనుభవమున్నవాళ్లు ఆకు రంగు కంటే ముందు నష్టం ఎక్కడెక్కడ, ఏ తీరుగా ఉందో చూస్తారు. చెట్టుకి ఒక్క పక్కే మాడితే, ఆ పక్కన ఏముందో వెతకాలి. మంచుదేశాల్లో అది రోడ్డు మీద చల్లిన ఉప్పు కావచ్చు, గడ్డకట్టిన నేల మీద వీచిన చలిగాలి కావచ్చు. మన ఊళ్లలో ఆ పక్కనే కాలువ కోసం తవ్విన కందకం బయటపడుతుంది, లేదా చెత్తకి పెట్టిన మంట. పక్కపక్కనే ఉన్న వేప, కానుగ, నరమామిడి మూడూ ఒకేసారి ఒకే తీరుగా వాడితే కారణం నేలలోనో నీళ్లలోనో ఉంటుంది. తెగుళ్లు మామూలుగా జాతిని ఎంచుకుని వస్తాయి, ఇన్ని జాతుల్ని ఒకేసారి పట్టవు. లేతాకు పసుపుపచ్చబడి ఈనెలు మాత్రం పచ్చగా ఉంటే ఇనుము అందడం లేదని అర్థం. అపార్ట్‌మెంట్ల ముందు ఇది సర్వసాధారణం. గోతిలో సిమెంటు పెళ్లలు, సున్నం నింపి మొక్క నాటితే నేల క్షారమై, ఇనుము ఉన్నా వేరుకి దక్కదు. ముదురాకు ముందు పసుపైతే నత్రజని లేదా మెగ్నీషియం లోటు కావచ్చు.

చాలాసార్లు అసలు జవాబు కాళ్ల కిందే ఉంటుంది. చెట్టు వేర్లు పాతాళానికి దిగుతాయని మనలో ఒక నమ్మకం. నీటినీ పోషకాల్నీ తాగే సన్నవేర్లు ఎక్కువగా పై అడుగున్నర లోతులోనే, కొమ్మల నీడ దాటి కూడా పరుచుకుంటాయి. వాటికి నీరెంత అవసరమో గాలీ అంతే అవసరం. మాను అంచుదాకా కాంక్రీటు పోస్తే, పైన తారు వేస్తే, లారీలు నిలిపి నేలను గట్టిపరిస్తే ఆ వేర్లకి ఊపిరాడదు. ఢిల్లీలో చెట్ల చుట్టూ మీటరు మేర కాంక్రీటు తొలగించాలని 2013లో జాతీయ హరిత ట్రిబ్యునల్ ఆదేశించింది. మన నగరాల్లో ఎన్ని పేవ్‌మెంట్ల మీద చెట్టుకి ఆ మీటరైనా దక్కుతోందో బయటికి వెళ్లి చూస్తే చాలు. దెబ్బ తగిలింది ఈ ఏడాదైతే చెట్టు పైభాగం పలచబడేది రెండు మూడేళ్ల తర్వాత. అప్పటికి కందకం తవ్విన కాంట్రాక్టరూ గుర్తుండడు, కందకమూ గుర్తుండదు. నేరం ఏదో పురుగు మీద పడుతుంది.

హైదరాబాద్ నుంచి బీజాపూర్ వెళ్లే రహదారిలో చేవెళ్ల మర్రుల గురించి కొన్నేళ్లు నడిచిన పోరాటంలో ఈ సంగతికి తగినంత చోటు దక్కలేదు. సుమారు 900 మర్రుల్ని నరకకుండా ఆపడం మొదటి మెట్టు. విస్తరణ పనుల్లో ఒక్క చెట్టూ కూలకపోయినా, ఒక పక్క వేరంతా తెగితే కొన్నేళ్లకి అవే చెట్లు గాలివానలో ఒరుగుతాయి. నిలిపిన చెట్టును బతికించాలంటే గీత మాను దగ్గర గీస్తే సరిపోదు, కొమ్మల అంచుకి అవతల గీయాలి.

మాను మొదట్లో వెతకాల్సిన మరో ముఖ్యమైన గుర్తు గానోడెర్మా అనే శిలీంధ్రం. కోనసీమ కొబ్బరి రైతుకి ఈ పేరు కొత్త కాదు. కొబ్బరిమాను అడుగున ఎర్రటి గోధుమరంగు బంక కారడం, కింది మట్టలు వాలడం, చివరికి మొవ్వు చిన్నబోవడం దాని వరస. అదే జాతి శిలీంధ్రాలు సరుగుడు, కానుగ, పచ్చతురాయి లాంటి నీడ చెట్ల వేర్లనూ కుళ్లబెడతాయి. వానల తర్వాత మాను మొదట్లో గట్టిగా, వార్నిష్ పూసినట్టు మెరిసే ఎర్రటి పుట్టగొడుగు అర్ధచంద్రంలా పొడుచుకొస్తుంది. దాన్ని తన్ని విరగ్గొడితే తెగులు పోదు, అది కనిపించే సరికే లోపలి వేర్లు చాలా భాగం పోయి ఉంటాయి. పైన ఆకు నిక్షేపంగా ఉండవచ్చు. బడి ముందరో బస్టాపు దగ్గరో ఉన్న చెట్టుకి ఈ గుర్తు కనిపిస్తే నిపుణుల్ని పిలిపించడంలో ఒక్క వారం కూడా ఆలస్యం చేయకూడదు.

బెరడు మీది గుర్తులు కొంత నయం, వాటిని కంటితో చూసే వీలుంది. కోస్తా సరుగుడు తోటల్ని పీడించే బొబ్బ తెగులు పేరుకు తగ్గట్టే బెరడు మీద బొబ్బలుగా లేస్తుంది. అవి పగిలితే లోపల మసిలాంటి నల్లటి పొడి, అంటే శిలీంధ్ర బీజాలు. ఆ స్థితికి వచ్చిన చెట్టు కోలుకోదు, గాయం చేయకుండా పక్క చెట్లను కాపాడుకోవడమే మిగిలిన పని. పెరటి మామిడి మొదట్లో రంపపుపొట్టు రాలి ఉంటే కాండం తొలిచే పురుగు లోపల ఉన్నట్టే. బంక కారడం ఒక్కటే చూసి తీర్పు చెప్పకూడదు. తెగులుకీ కారుతుంది, మేకు దిగినా కారుతుంది.

చూడ్డానికి భయంకరంగా ఉండి ప్రాణానికి ముప్పు లేనివీ ఉన్నాయి. ఏడాకుల చెట్టు ఆకుల నిండా బుడిపెలు వచ్చేది ఒక చిన్న పురుగు వల్ల. ఆకు వికారమవుతుంది, చెట్టు మాత్రం బతుకుతుంది. మామిడాకు మీది మసి మంగు ఆకు లోపలికి దిగదు. తేనె మంచు పురుగు విడిచిన తీపి జిగురు మీద అది పెరుగుతుంది. నల్లటి ఆకును తుడిచే బదులు పై కొమ్మల్లో పురుగును వెతకాలి. బదనిక సంగతి వేరు. మామిడి కొమ్మ మధ్యలో వేరే రకం ఆకులతో, నారింజ ఎరుపు గొట్టాల్లాంటి పూలతో గుబురు కనిపిస్తే అది ఆ కొమ్మ రసం తాగుతోందన్న మాట. గుబురుకి అవతల కొమ్మ క్షీణిస్తుంది. చిన్న పిట్టలు దాని పండ్లు తిని జిగురు గింజల్ని పక్క కొమ్మలకి అంటిస్తాయి కాబట్టి, పట్టిన చోటికి బాగా దిగువన కొమ్మ కోసేయడమే మందు.

వైద్యం దగ్గరికి వచ్చేసరికి పాత నమ్మకాలు ఇంకా బలంగా ఉన్నాయి. తొర్రలో సిమెంటు నింపడం, కోసిన చోట తారు పూయడం నేటికీ కనిపిస్తాయి. అమెరికా అటవీ సేవలో పనిచేసిన అలెక్స్ షిగో వేల మానుల్ని కోసి చూసి, చెట్టుకి గాయం మానదని నిరూపించాడు. చెట్టు కుళ్లిన భాగం చుట్టూ కొత్త కణజాలంతో గోడలు కట్టి, దాన్ని లోపలే బంధించి, పైన పెరుగుతుంది. ఆయన సహరచయితతో కలిసి 1977లో ప్రచురించిన పుస్తకం వృక్షవైద్యాన్నే మార్చేసింది. ఆ లెక్కన తొర్రను గీకి సిమెంటు పోసేవాళ్లు చెట్టు కట్టుకున్న గోడనే పగలగొడుతున్నారు. కరెంటు తీగల కింద ఏటా కొమ్మల్ని మధ్యలో నరికి మొండేలు వదిలేయడం కూడా అలాంటిదే. మొండెం మూసుకోదు, కుళ్లుకి దారవుతుంది. కొమ్మ మానుతో కలిసేచోట ఉబ్బుగా ఉండే మెడను వదిలి, దాని పక్కనే నున్నగా కోస్తే చెట్టు తనంతట తాను చుట్టూ పెరిగి మూసుకుంటుంది.

వేప తెగులుకి శిలీంధ్రనాశిని, పురుగుమందు కలిపిన సిఫార్సులు వచ్చాయి. నర్సరీ మొక్కకి, ఇంటి ముందరి చిన్న చెట్టుకి అవి పనికొస్తాయి. యాభై అడుగుల మానుల మీద మందు కొట్టే యంత్రాలు ఊళ్లలో లేవు, ఉన్నా ఆ మందు తేనెటీగల మీదా, కింద ఆడుకునే పిల్లల మీదా పడుతుంది. ఆకు మాడాక చలికాలంలో కొడితే ఫలితమూ అంతంతే, సోకేది వానల్లో కాబట్టి. పెద్దచెట్టుకి చేయగలిగింది పొడి రోజుల్లో ఎండు కొమ్మలు కోసి కాల్చేయడం, ఎండాకాలం పాదుకి నీరు పెట్టడం, వేరు మీది నేలను గుల్లగా ఉంచడం. ఇవి పేరుకి చిన్న పనులు, కానీ చెట్టు బలమంతా వీటిలోనే ఉంది. 1990 ప్రాంతంలో ఆఫ్రికాలోని నైజర్‌లో వేపలు క్షీణించినప్పుడు నిపుణులు కొత్త రోగం కోసం వెతికారు. చివరికి వాళ్ల అనుమానం ఎక్కువగా నిలిచింది నేలలో తేమ తగ్గడం, నేల గట్టిపడడం లాంటి ఒత్తిళ్ల మీదే.

ఇక మిగిలింది ఎవరు చూస్తారన్న ప్రశ్న. తెలంగాణలో హరితహారం 2015లో మొదలైనప్పటి నుంచి ఎన్ని మొక్కలు నాటారు, ఎన్ని బతికాయి అన్న లెక్కల మీద శ్రద్ధ పెరిగింది. యాభై ఏళ్ల మానుకీ అలాంటి లెక్క కావాలి. సతతహరితం ఒక్క చూపుకి దొరకదు, పోల్చి చూస్తేనే దొరుకుతుంది. ఒకే చోట నిలబడి ఏటా ఒకే నెలలో తీసిన ఫొటోల్లో, కొమ్మల మధ్య ఆకాశం నిరుటికంటే ఎక్కువ కనిపిస్తోందా అన్నది ఎవరైనా చెప్పగలరు. వార్డుకి వంద పెద్దచెట్లు ఎంచుకుని, వానలకి ముందొకసారి, వానలయ్యాక ఒకసారి వాటి మొదలు, బెరడు, కొమ్మ చివర్లు చూసి రాసిపెట్టడం ఏ మునిసిపాలిటీకైనా చేతనయ్యే పని. రాజేంద్రనగర్, బాపట్ల, తిరుపతి వ్యవసాయ కళాశాలల్లో మొక్కల తెగుళ్ల శాస్త్రం చదివే విద్యార్థులు ఉన్నారు. వాళ్లకి పాఠం, ఊరికి పట్టిక రెండూ ఒకే నడకలో దొరుకుతాయి. మొదట ఎంచుకోవాల్సినవి బడులు, ఆస్పత్రులు, బస్టాపుల ముందున్న మానులు. వాటి కింద ప్రతిరోజూ మనుషులు నిలబడతారు.